‘మనదేశం’ సినిమా తీసిందెవరు?

ఎన్టీఆర్ మొదటి సినిమా ఏది?

ఈ ప్రశ్నకి మన ఇళ్లలో పదేళ్ల పిల్లాడు కూడా ‘మనదేశం’ అని టక్కున చెప్పేస్తాడు. టీవీ క్విజ్ ప్రోగ్రాముల్లో అరిగిపోయిన ప్రశ్న అది. అందులో ఆయన వేసింది పోలీసు ఇన్‌స్పెక్టరు వేషమనీ, దర్శకుడు ఎల్.వి. ప్రసాద్ అనీ చెప్పేవాళ్లూ బోలెడుమంది ఉంటారు. సరే, మరి ఆ సినిమాకి డబ్బు పెట్టి తీసిన నిర్మాత ఎవరు? అందులో కథానాయిక ఎవరు? ఆ కథానాయిక పాటలు ఎవరు పాడారు?

మూడింటికీ జవాబు ఒక్కటే. సి. కృష్ణవేణి!

ఆ పేరు విన్నట్టే ఉంది కానీ గుర్తు రావడం లేదంటారా? మీరొక్కరే కాదు. ఈమధ్య ఎల్బీనగర్‌లో ఒక కాలనీలో చీటీపాట దగ్గర పదిహేనుమంది ఆడవాళ్లం కూర్చున్నప్పుడు ఊరికే ఈ ప్రశ్న వేసి చూశాను. అంజలీదేవి అంది ఒకావిడ. భానుమతి అంది ఇంకొకావిడ. “కృష్ణవేణి అంటే నాగార్జునసాగర్ పక్కన పారేది కదా వదినా” అని ఓ కొత్త కోడలు హాస్యమాడితే అందరం నవ్వేశాం. డెబ్బై దాటిన ఒక అత్తయ్యగారు మాత్రం కాసేపు ఆలోచించి, “మీర్జాపురం రాణీగారు కాదుటే?” అన్నారు. కరెక్టే. కానీ ఆ పెద్దావిడకి కూడా గుర్తున్నది రాణీగారుగానే. సినిమాలు తీసిన మనిషిగా కాదు.

విచిత్రం ఏమిటంటే కృష్ణవేణిగారు ఎక్కడో దూరాన ఉన్న మనిషి కాదు. చివరి రోజుల్లో మన హైదరాబాదులోనే, ఫిలింనగర్‌లో ఉన్నారు. 2018 సెప్టెంబరులో ఎల్బీనగర్ నుంచి మెట్రో మొదలైంది కదా. ఎల్బీనగర్‌లోనో దిల్‌సుఖ్‌నగర్‌లోనో ఎక్కి, అమీర్‌పేటలో రైలు మారి, జూబ్లీహిల్స్ చెక్‌పోస్టులో దిగితే అక్కణ్ణుంచి ఆటోలో వెళ్లేంత దూరం. తెలుగు సినిమా పుట్టి నడక నేర్చిన రోజులు కళ్లారా చూసిన మనిషి మన ఊళ్లోనే ఉంటే, మనకి తెలీకుండానే నూరేళ్లు గడిచిపోయాయి.

ఒక టిక్కెట్టుకి రెండు సినిమాలు

కృష్ణవేణి 1924 డిసెంబరు 24న పుట్టారు. ఊరు పశ్చిమ గోదావరి జిల్లా పంగిడి. చిన్నప్పుడే నాటకాలు. రాజమండ్రిలో ‘తులాభారం’ నాటకంలో ఈ పిల్ల వేషం చూసి డైరెక్టరు సి. పుల్లయ్యగారు సినిమాకి తీసుకున్నారని చెబుతారు. ఆ సినిమా ‘సతీ అనసూయ’. అందులో పెద్దవాళ్ల వేషాలు కూడా పిల్లలే వేశారు! దానికి తోడుగా ‘ధ్రువ విజయం’ అనే ఇంకో పిల్లల సినిమా కూడా తీసి, 1936లో రెండూ కలిపి ఒకే ప్రదర్శనగా వేశారు. ఒక టిక్కెట్టుకి రెండు సినిమాలన్నమాట. మన దిల్‌సుఖ్‌నగర్ షాపుల్లో ‘ఒకటి కొంటే ఒకటి ఫ్రీ’ బోర్డులు రావడానికి ఎంత ముందో చూడండి!

ఆ షూటింగ్ జరిగింది కలకత్తాలో. అప్పట్లో తెలుగు టాకీ తీయాలంటే బొంబాయో, కలకత్తానో, కొల్హాపూరో వెళ్లాల్సిందే. మద్రాసులో మాట రికార్డు చేసే స్టూడియో 1934లో గానీ రాలేదు. (ఆ స్టూడియో పెట్టిన ఎ. నారాయణన్‌గారి భార్య మీనా నారాయణన్ అక్కడ సౌండ్ రికార్డింగు పని నేర్చుకుని చేశారు. మన దేశంలో ఆ పని చేసిన తొలి మహిళ ఆవిడే అంటారు. ఆ పేరు కూడా ఎవరికి తెలుసు చెప్పండి?) పన్నెండేళ్లయినా నిండని పిల్ల గోదావరి ఒడ్డునుంచి కలకత్తా వెళ్లి, అర్థంకాని భాష మాట్లాడే మనుషుల మధ్య, కళ్లు జిగేల్మనే లైట్ల కింద నిలబడి నటించిందంటే మాటలు కాదు.

పైగా అప్పటికి ప్లేబ్యాక్ లేదు. ఇప్పటిలాగా ఎవరో పాడితే పెదాలు కదిపితే చాలదు. కెమెరా ముందు నటిస్తూనే పాడాలి. హార్మోనియం, తబలా వాళ్లు కెమెరాకి కనబడకుండా ఏ చెట్టు బొమ్మ వెనకాలో కూర్చుని వాయించేవాళ్లు. మధ్యలో ఎవరైనా దగ్గితే మళ్లీ మొదటికి. అందుకే ఆ రోజుల్లో నాటకాల్లో పాడి గొంతు పండినవాళ్లకే సినిమా వేషాలు దొరికేవి. కృష్ణవేణికి ఆ గొంతుంది.

1938లో ‘కచ దేవయాని’తో ఆమె కథానాయిక అయిపోయారు. అప్పటికి ఇంకా పద్నాలుగు కూడా నిండలేదు!

రాజావారు, రాణీగారు

ఎల్బీనగర్ చౌరస్తాలో విజయవాడ బస్సు ఎక్కే ఆడపడుచులు మన పాఠకుల్లో చాలామందే ఉన్నారు. ఆ దారినే వెళ్లి, విజయవాడ దాటి నూజివీడు వైపు మళ్లితే ఆగిరిపల్లి వస్తుంది. అక్కడ కొండమీద శోభనాచల నరసింహస్వామి గుడి ఉంది. ఆ స్వామి పేరునే మద్రాసులో ‘శోభనాచల’ పిక్చర్స్ పెట్టి, స్టూడియో నడిపినవారు మీర్జాపురం జమీందారు మేకా వెంకట్రామయ్య అప్పారావుగారు. నూజివీడు జమీందారీ కుటుంబంవారు. సినిమావాళ్లందరికీ ఆయన ‘మీర్జాపురం రాజావారు’. కృష్ణవేణి ఆయన్ని పెళ్లి చేసుకున్నారు.

పెళ్లయ్యాక ఆవిడ ఎక్కువగా సొంత సంస్థ సినిమాల్లోనే నటించారు. ‘జీవనజ్యోతి’ (1940), ‘దక్షయజ్ఞం’ (1941), ‘గొల్లభామ’ (1947) ఇలా. రాణీగారు అయ్యాక ఊరికే ఇంట్లో కూర్చుంటే అడిగేవాళ్లెవరు? స్టూడియో భర్తది, డబ్బు భర్తది, పేరూ భర్తదే. కానీ అదే ఇంట్లో, అదే స్టూడియోలో సినిమా ఎలా తయారవుతుందో మొదటినుంచి చివరిదాకా దగ్గరుండి చూసే అవకాశం ఆవిడకి దొరికింది. ఆ అవకాశాన్ని వదులుకోలేదు.

‘గొల్లభామ’లో కృష్ణవేణి కథానాయిక. అందులోనే ఇంకో ముఖ్యమైన వేషంతో అంజలీదేవి తెరమీద నిలదొక్కుకున్నారు. రెండేళ్లకి రాజావారు స్వయంగా తీసిన ‘కీలుగుర్రం’ (1949)లో నాగేశ్వరరావుతో పాటు అంజలీదేవి. అంజలీదేవికి పాటలు పాడింది ఎవరనుకున్నారు? కృష్ణవేణే! నిన్నటిదాకా తను కథానాయికగా నటించిన సంస్థలో, ఇంకొకరు తెరమీద మెరుస్తుంటే తను తెరవెనక నిలబడి గొంతు అరువిచ్చింది. మన ఇళ్లలో తోడికోడలి చీర బాగుందంటేనే మూతి ముడుచుకునే రోజులివి. నాకైతే ఆవిడ సంగతుల్లో అన్నిటికంటే ఇదే బాగా నచ్చింది.

నిర్మాత అంటే ఏం చేస్తారు?

‘మనదేశం’ 1949 నవంబరు 24న విడుదలైంది. లెక్క వేసి చూడండి. కృష్ణవేణికి పాతికేళ్లు నిండడానికి సరిగ్గా నెల తక్కువ! ఆ వయసుకి మనం ఏం చేస్తున్నాం? పిల్లల స్కూలు ఫీజుల గురించో, గ్యాస్ బండ గురించో ఆలోచిస్తున్నాం. ఆవిడ సినిమా తీసి థియేటర్లకి పంపింది.

సినిమా శోభనాచల పేరుతో రాలేదు. ‘ఎం.ఆర్.ఏ. ప్రొడక్షన్స్’ అని వేరే సంస్థ పేరు. ఆ మూడక్షరాలూ ఎవరివో కాదు, ఆవిడ కూతురు మేకా రాజ్యలక్ష్మీ అనురాధవి. ఆ పాప పెద్దయ్యాక అనురాధాదేవిగా తనూ సినిమాలు నిర్మించారు. పుట్టింటి బంగారం, పసుపు కుంకుమ కింద వచ్చిన పొలం ఇవి కాకుండా కూతురి పేరు మీద ఒక సినిమా కంపెనీ ఉండడం 1949లో ఎంత మందికి తట్టే ఊహ!

నిర్మాత అంటే కుర్చీలో కూర్చుని చెక్కుల మీద సంతకం పెట్టడం అనుకుంటాం. కానే కాదు. మన ఇంట్లో పెళ్లి చేసినప్పుడు ఎలా ఉంటుందో గుర్తు తెచ్చుకోండి. పురోహితుడు చెప్పిన టైముకి రావాలి, వంటవాళ్లు రావాలి, మేళం రావాలి, మధ్యలో కరెంటు పోతే ఏం చేయాలో ముందే అనుకోవాలి, అలిగిన వియ్యపురాలిని బుజ్జగించాలి, చివర్లో డబ్బు సరిపోకపోతే మన గాజులు తీయాలి. సినిమా అంటే అలాంటి పెళ్లి నెలల తరబడి రోజూ చేయడం. ఆర్టిస్టుల డేట్లు కుదర్చాలి. సెట్టు వేసే వడ్రంగి నుంచి లైట్‌బాయ్ దాకా అందరికీ కూలి ఇవ్వాలి. యూనిట్ మొత్తానికి భోజనాలు పెట్టాలి. వాన వస్తే ఔట్‌డోర్ షూటింగ్ ఆగిపోతుంది గానీ ఖర్చు ఆగదు.

అన్నిటికంటే ఖరీదైనది ముడి ఫిల్ము. అప్పుడు అది మన దేశంలో తయారయ్యేది కాదు. విదేశాలనుంచి రావాల్సిందే. ఊటీలో మన సొంత ఫిల్ము ఫ్యాక్టరీ 1960ల్లో గానీ పని మొదలుపెట్టలేదు. సినిమా కెమెరాలో ఫిల్ము నిమిషానికి తొంభై అడుగులు నడుస్తుంది. రెండో ప్రపంచయుద్ధం రోజుల్లో ఫిల్ము కరువై, సినిమా పదకొండువేల అడుగులు దాటకూడదని గవర్నమెంటు రూలు పెట్టింది. అంటే రెండు గంటల పైన రెండు నిమిషాలు, అంతే! ఆ రూలు యుద్ధం తర్వాత పోయింది కానీ ఫిల్ము మాత్రం చౌక కాలేదు. నటుడు డైలాగు తప్పిన ప్రతిసారీ నిర్మాత గుండెల్లో రాయి పడేది. పాలు పొంగి స్టవ్ మీద పోతుంటే మనకెలా ఉంటుంది? అలాగన్నమాట.

‘మనదేశం’ నిర్మాతకి ఇంకో ఇబ్బంది కూడా. డబ్బులు లెక్కపెట్టే ఆ మనిషే మేకప్ వేసుకుని కెమెరా ముందుకెళ్లి కథానాయికగా కన్నీళ్లు పెట్టుకోవాలి. మళ్లీ ఆ మనిషే మైకు ముందు నిలబడి పాడాలి.

శరత్ నవల, కొత్త కుర్రాడు

కథ శరత్‌బాబు ‘విప్రదాస్’ నవల ఆధారంగా అల్లినది. శరత్ అంటే ఆ తరం తెలుగు ఆడవాళ్లకి ప్రాణం. అనువాదాలు ఇంటింటికీ చేరాయి. అత్తగారికి కనబడకుండా బియ్యం డబ్బా వెనక దాచుకుని చదివిన అమ్మమ్మలు మనలో చాలామందికి ఉండే ఉంటారు. ‘దేవదాసు’ తెలుగులో 1953లో వచ్చి ఊపేసింది కదా, దానికి నాలుగేళ్ల ముందే శరత్‌ని తెలుగు తెరకి తెచ్చింది కృష్ణవేణి. అదీ పౌరాణికాలు, జానపదాలు రాజ్యమేలే రోజుల్లో. గుర్రాలు ఎగిరే ‘కీలుగుర్రం’ వచ్చిన ఏడాదే, అదే ఇంట్లోంచి, ఖద్దరు కట్టుకున్న మనుషుల కథ. స్వాతంత్ర్యం వచ్చి అప్పటికి రెండేళ్లు. సముద్రాల రాఘవాచార్యగారి మాటలు, పాటలు. ఘంటసాలగారి సంగీతం. ఘంటసాల సంగీత దర్శకుడిగా కుదురుకుంటున్న తొలి సినిమాల్లో ఇదొకటి. మలయాళ సీమ నుంచి వచ్చిన పి. లీల తెలుగులో పాడడం మొదలుపెట్టింది ఈ సినిమాతోనే. నాగయ్యగారూ, సిహెచ్. నారాయణరావుగారూ ముఖ్య నటులు.

ఇక ఇన్‌స్పెక్టరు వేషానికి ఒక కొత్త కుర్రాడు కావాల్సి వచ్చింది. వచ్చినవాడు నందమూరి తారక రామారావు. సత్యాగ్రహుల మీద లాఠీచార్జి సీనులో ఆయన నిజంగానే బాదేశారనీ, ప్రసాద్‌గారు తలపట్టుకున్నారనీ ఈ కథ మీరు ఇప్పటికి వందసార్లు విని ఉంటారు. మళ్లీ చెప్పను. నాకు అర్థంకానిదల్లా ఒకటే. ఆ సినిమా గురించి చెప్పుకోవడానికి మనకి ఆ లాఠీ దెబ్బలొకటే మిగలడమేమిటి? ఆ దెబ్బలు తిన్నవాళ్లకి ఆ రోజు కూలి ఎవరిచ్చారు అని ఎవరూ అడగరు!

కొత్తవాళ్లని తీసుకోవడం అంటే డబ్బు పెట్టినవాళ్లకి గుండెధైర్యం ఉండాలి. పేరున్నవాళ్లయితే టిక్కెట్లు తెగుతాయి, కొత్తవాళ్లయితే హామీ లేదు. దర్శకుడు ఎంత ముచ్చటపడినా చివరికి ‘సరే’ అనాల్సింది నిర్మాతే. ఆ ‘సరే’ అన్నది పాతికేళ్లు నిండని అమ్మాయి.

ఆ తర్వాత

‘మనదేశం’తో ఆగలేదు. మరుసటేడు 1950లో ‘లక్ష్మమ్మ’. దర్శకుడు రచయిత గోపీచంద్ గారు. తమాషా ఏమిటంటే అదే లక్ష్మమ్మ కథని అదే ఏడాది ఘంటసాల బలరామయ్యగారు ‘శ్రీ లక్ష్మమ్మ కథ’ అని తీశారు. అక్కడ అంజలీదేవి, నాగేశ్వరరావు. ఇక్కడ కృష్ణవేణి, నారాయణరావు. ఒకే వీధిలో రెండు ఇళ్లలో ఒకే రోజు గుత్తి వంకాయ చేస్తే ఎవరిది బాగుందో తేల్చకుండా ఊరుకుంటారా? ప్రేక్షకులూ అంతే. వెనక్కి తగ్గకుండా ఆ పోటీలో నిలబడిందావిడ.

1957లో ‘దాంపత్యం’ తీసినప్పుడు రమేష్ నాయుడిని సంగీత దర్శకుడిగా తెలుగుకి పరిచయం చేశారు. ఆ తర్వాతి తరానికి ఎన్ని మంచి పాటలిచ్చారో మీకు తెలిసిందే. ఒక హీరో, ఒక గాయని, ఒక సంగీత దర్శకుడు. ఇంతమందికి తెలుగులో తలుపు తీసిన చేయి ఒకటే.

అయితే ఆ రోజుల్లో ఈ దారిన నడిచింది కృష్ణవేణి ఒక్కరే కాదు. తెలుగులో తొలి మహిళా నిర్మాతగా దాసరి కోటిరత్నంగారి పేరు చెబుతారు. నాటకాల కంపెనీ నడిపి, 1935లో ‘సతీ సక్కుబాయి’లో సక్కుబాయిగా నటించిన మనిషి. తొలి టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932)లో లీలావతి మన సురభి కమలాబాయి. 1953లో ‘చండీరాణి’ని మూడు భాషల్లో తానే డైరెక్ట్ చేసిన భానుమతిగారి సంగతి సరేసరి. అరవదేశంలో టి.పి. రాజలక్ష్మి 1936లోనే ‘మిస్ కమల’కి దర్శకత్వం చేశారు. బొంబాయిలో ఫాత్మా బేగం అంతకు పదేళ్లు ముందు, మూకీల కాలంలో ‘బుల్‌బులే పరిస్తాన్’ తీశారు. ఫ్రాన్సులో ఆలిస్ గీ అనే అమ్మాయి 1896లో, కెమెరాలమ్మే కంపెనీలో సెక్రటరీగా ఉంటూనే సినిమా తీసింది. ఆ తర్వాత తను తీసినవాటికే మగవాళ్ల పేర్లు పడుతుంటే ముసలితనం దాకా ఉత్తరాలు రాసి పోట్లాడాల్సి వచ్చింది. దేశమేదైనా కథ ఒకటేనన్నమాట!

కృష్ణవేణిగారి విషయంలో పేరు ఎవరూ కొట్టేయలేదు. టైటిల్స్‌లో ఉంది, పుస్తకాల్లో ఉంది. కానీ ఎలా ఉంది? భర్త పేరు పక్కన ‘రాజావారి భార్య’గా, హీరో పేరు పక్కన ‘ఆయన్ని పరిచయం చేసిన నిర్మాత’గా. మన ఇంట్లో కిరాణా కొట్టు లెక్కలన్నీ రాసేది ఆవిడే, బోర్డు మీద పేరు మాత్రం ‘ఫలానా అండ్ సన్స్’. దిల్‌సుఖ్‌నగర్ మెయిన్‌రోడ్డు మీద అలాంటి బోర్డులు ఎన్ని లేవు! మధ్యాహ్నం గల్లాపెట్టె దగ్గర కూర్చున్నదెవరో ఓసారి తొంగి చూడండి.

‘మనదేశం’ వచ్చిన 1949లో మన ఈ దిల్‌సుఖ్‌నగర్, ఎల్బీనగర్ వైపంతా పొలాలూ, సరూర్‌నగర్ చెరువూ, విక్టోరియా మెమోరియల్ అనాథాశ్రమమూ. సినిమా చూడాలంటే నగరంలోకి వెళ్లాల్సిందే. తర్వాతెప్పుడో కాలనీలు లేచాయి, కోణార్క్, వెంకటాద్రి, గంగ, మేఘన అంటూ హాళ్లు వచ్చాయి. ఆడవాళ్లం మ్యాట్నీలకి గుంపుగా బయల్దేరి, ఇంటర్వెల్లో పిల్లలకి సమోసాలు కొనిపెట్టి, ఇంటికొచ్చి రాత్రి వంట హడావుడిగా చేసుకున్న రోజులు మనవి. ఎన్టీఆర్ పాత సినిమాలు మళ్లీ మళ్లీ ఆడితే మళ్లీ మళ్లీ చూశాం. ఏ ఒక్కసారీ ‘నిర్మాత’ అన్న కార్డు పడేటప్పటికి సీట్లో కుదురుకుని కూర్చోలేదు. టైటిల్స్ అయ్యేదాకా పిల్లల్ని సర్దడమే సరిపోయేది!

ప్రభుత్వం 2004 సంవత్సరానికి రఘుపతి వెంకయ్య అవార్డు ఇచ్చి గౌరవించింది. అప్పటికి ఆవిడకి ఎనభై. ‘మనదేశం’ వచ్చి డెబ్బై ఐదేళ్లయిన సందర్భంగా 2024 డిసెంబరులో విజయవాడ దగ్గర ఎన్టీఆర్ సినీ వజ్రోత్సవం చేసినప్పుడు కృష్ణవేణిగారిని తీసుకెళ్లి వేదిక మీద సన్మానించారు. నూరో పుట్టినరోజుకి పది రోజుల ముందు. ఉత్సవం ఎన్టీఆర్‌ది, సన్మానం ఆవిడకి.

రెండు నెలలకి, 2025 ఫిబ్రవరి 16 ఆదివారం నాడు, ఫిలింనగర్‌లోని ఇంట్లో కన్నుమూశారు. టీవీల్లో స్క్రోలింగ్ వచ్చింది, మర్నాడు పేపర్లలో ఫోటో వేశారు. చాలావాటిలో హెడ్డింగు ఎన్టీఆర్ పేరుతోనే మొదలైంది. ఆవిడ పేరు తర్వాత వచ్చింది.